గుండమ్మ నించి జేజి దాకా: మన అవ్వ ఏదీ?

తెలుగు సినిమాలో ముసలామె ఎవరు? తెల్లచీరెలో ఏడ్చే తల్లి, లేకుంటే నోరున్న అత్త అని చెప్తాం. ఆమె యే కులం, యే యింటి మనిషి అని మాత్రం అడగం. ఆ ప్రశ్న అడక్కుండా ముసలి స్త్రీ పాత్ర యెట్లా మారిందో తేల్చలేమని మేం అనుకుంటున్నాం.

మన సీమ నించే మొదలు పెడదాం. ప్రొద్దుటూరు ప్రాంతంలో 1920లో పుట్టిన శాంతకుమారి 'అర్ధాంగి' (1955)లో జమీందారు యింటి సవతితల్లి. తనకన్నా మూడు నాలుగేళ్లే చిన్నయిన అక్కినేనికి ఆమె తల్లి! కడప జిల్లా పొట్టిపాడు మనిషి బి.నాగిరెడ్డి, చక్రపాణితో కలిసి తీసిన 'గుండమ్మ కథ' (1962) నాటికి సూర్యకాంతానికి నలభై యేళ్లు లేవు. ఆడదాన్ని తెర మీద తొందరగా ముసలిదాన్ని చేశారు, నిజమే. అయితే యిద్దరూ ఆస్తి వున్న ముసలోళ్లే. యిల్లు, తాళంచెవులు, పెత్తనం వుంటేనే ముసలితనానికి కథ. 1995లో ఈటీవీ, జెమినీ వచ్చాక టీవీ సీరియళ్ల అత్తగార్లూ ఆ దారినే నడిచారు.

తర్వాత ఫ్యాక్షన్ సినిమాలొచ్చాయి. 'ప్రేమించుకుందాం రా' (1997), 'సమరసింహారెడ్డి' (1999) సీమంటే కత్తులు, సుమోలు అన్నాయి. ఈ రెంటి నడుమ, 1998లో, అప్పటి కర్నూలు జిల్లా వెంపెంటలో దళితుల్ని ఊచకోత కోశారు. ఆ గేరి తల్లుల ఏడుపు యే ఫ్యాక్షన్ సినిమాకూ వినబడలే. బాంబులకు నాయకుల కంటే అనుచరులే యెక్కువ పోయారు. వాళ్లలో మాల మాదిగ కూలోళ్లూ వున్నారు. తెర మీద శోకం మాత్రం నాయకుడి తల్లిదే.

'అరవింద సమేత వీర రాఘవ' (2018)లో కొంత మార్పుంది. జేజికి నోరొచ్చింది. హింస చాలనే మాట ముసలామె చెప్తుంది. ప్రత్యర్థి భార్య రెడ్డమ్మ రాజకీయాల్లోకొస్తుంది. మంచిదే, మేం కాదనం. కానీ మాటొచ్చింది యెవరికి? పెద్ద ప్రహరీ లోపలి ఆడోళ్లకే. శెనక్కాయ చేలో కలుపు తీసిన అవ్వ, కరువు పనిలో మట్టి మోసిన అవ్వ, కొడుకును యెవరి పగకో పోగొట్టుకున్న అవ్వ యింకా గుంపులో మనిషే. ఆమెకు పేరు లేదు.

సినిమావాళ్లు పేరు పెట్టేదాకా ఆగాలా? ఆగనోళ్లున్నారు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత స్త్రీలు కెమెరా నేర్చుకున్నారు. చదువు రాని సేద్యగత్తెలు. వరంగల్ రైతులకు బీటీ పత్తి చేసిన నష్టం మీద 2003లో సినిమా తీశారు. 2008లో సంఘం రేడియో పెట్టారు. తమ బతుకు గురించి తామే చెప్పుకున్నారు.

కర్నూలు, కడప కాలేజీల్లో చదివే మన పిల్లల చేతుల్లో యిప్పుడు ఫోన్లున్నాయి. ఆ ఫోను ముందు మొదట తమ గేరి అవ్వను కూచోబెట్టాలి. ఆమె పేరు, చేసిన పని, పోయిన కొడుకు సంగతి ఆమె నోటితోనే చెప్పించాలి. అవ్వలు వొక్కొక్కరే వెళ్లిపోతున్నారు. వాళ్లతో పోయే చరిత్రను రేపు యే సినిమా తిరిగి తేలేదు.