ముప్పై ఏళ్ళ వడ్డికాసులు

డాలస్ శివార్లలో మనవాళ్ళ గృహప్రవేశాలు ఏడాది పొడుగునా జరుగుతూనే ఉంటాయి. కరెంటు పొయ్యి మీద పాలు పొంగేలోపు పొగ అలారం మోగకుండా ఒకరు అట్టముక్క పట్టుకుని విసురుతూ నిలబడతారు. వ్రతమయ్యాక పులిహోర ప్లేట్లతో గరాజ్‌లో చేరినవాళ్ళు అడిగేవి రెండే ప్రశ్నలు. "రేటెంతకి లాక్ చేశారు?" "నెలకెంత పడుతోంది?" ఇల్లెంతని అడగరు, బిల్డరు ధరలు అందరికీ తెలిసినవే. అప్పు తీరేసరికి మొత్తం ఎంత కడతారన్న మాట మాత్రం నేనింతవరకూ ఎవరి నోటా వినలేదు. మన ఊళ్ళో ప్రోనోటు మీద వేలిముద్ర వేసే ముసలాయన కూడా "ఆఖరికి ఎంత తేలుద్దయ్యా?" అని అడక్కుండా బొటనవేలు సిరాలో ముంచడు. ఇంత చదువుకున్నవాళ్ళు ఆ ఒక్క ప్రశ్న ఎందుకు అడగరన్న సందేహమే నన్ను ఈ దేశపు ఇంటప్పుల చరిత్ర తిరగేసేలా చేసింది.

బ్యాంకులు దాచిపెడుతున్నాయనుకోకండి. అప్పు అసలు ఖర్చెంతో తీసుకునేవాడికి కాగితం మీద చూపించి తీరాలని 1968లోనే ఇక్కడ చట్టం వచ్చింది, పేరు ట్రూత్ ఇన్ లెండింగ్. ఇప్పుడైతే సంతకాలకి మూడు పనిదినాల ముందే 'క్లోజింగ్ డిస్‌క్లోజర్' అని ఐదు పేజీలు చేతికొస్తాయి. నెలవాయిదా మొదటి పేజీలోనే ఉంటుంది కాబట్టి అందరూ దాన్ని చూస్తారు. మొత్తం చెల్లింపు ఎంతో ఐదో పేజీలో ఎడమ పక్కన చిన్న పట్టీలో ఉంటుంది. అప్పటికి చూసేవాడి కళ్ళు అలిసిపోయి ఉంటాయి.

ఆ పట్టీలో ఉండేది ఇలాంటి లెక్క. నాలుగు లక్షల డాలర్ల అప్పు, ఏటా ఆరున్నర శాతం వడ్డీ, ముప్పై ఏళ్ళ గడువు. నెలకి 2,528 డాలర్లు. మొదటి నెల వాయిదాలో 2,167 వడ్డీకే పోతుంది, అసలు కింద జమయ్యేది 361. పదేళ్ళలో మూడు లక్షల పైన కట్టాక అసల్లో తగ్గేది 61 వేలు. వాయిదాలో వడ్డీ కన్నా అసలు వాటా ఎక్కువయ్యే నెల కోసం ఇరవయ్యో ఏడు దాకా ఆగాలి. మొత్తం కలిపి 9,10,000, అందులో వడ్డీ 5,10,000.

బాపట్ల దగ్గరుండే మా మేనత్తకి ఇదంతా ఫోన్లో చెప్పాను. బారువడ్డీ అయినా చక్రవడ్డీ అయినా ఆవిడ నోటిలెక్కతో తేల్చేస్తుంది. ముందు రేటడిగింది. "నూటికి అర్ధరూపాయి, ఆ పైన కాస్త, అత్తయ్యా" అన్నాను. రూపాయి వడ్డీనే ధర్మవడ్డీ అనుకునే ఊరు మాది. "అర్ధరూపాయికి అప్పిచ్చే మారాజు ఎవడ్రా, నాకూ ఇప్పించు" అంది. గడువు చెప్పగానే గొంతు మారింది. మొత్తం విన్నాక, "అయితే నీకో ఇల్లు, ఆడికో ఇల్లు, పైన ఓ గొడ్లసావిడి కూడా కడుతున్నావన్నమాట" అని తేల్చింది.

ఆవిడ పట్టుకున్నది అసలు సంగతి. ఇందులో చక్రవడ్డీ లేదు, రేటూ పెద్దది కాదు. కొంప ముంచేది గడువు. అదే అప్పు, అదే రేటు పదిహేనేళ్ళకి తీసుకుంటే నెలకి 3,484 కట్టాలి, కానీ మొత్తం వడ్డీ 2,27,000 దగ్గర ఆగిపోతుంది. సగం కూడా కాదు.

మరి ఈ ముప్పై ఏళ్ళ గడువు ఎవరు పెట్టారు? 1920లలో అమెరికాలో బ్యాంకు దగ్గర ఇంటప్పంటే ఐదారేళ్ళది, మహా అయితే పదేళ్ళది. ధరలో సగం దాకా చేతిలోంచే పెట్టుకోవాలి. చాలా అప్పుల్లో గడువు పొడుగునా వడ్డీ ఒక్కటే కట్టి, ఆఖర్న అసలంతా ఒక్కసారే చెల్లించాలి. చేతిలో లేకపోతే మనవాళ్ళలాగే నోటు తిరగరాయించుకోవాలి.

ఇది చదవగానే నాకు తిరుమల గుర్తొచ్చింది. పెళ్ళి ఖర్చులకి స్వామి కుబేరుడి దగ్గర అప్పు చేశాడు, బ్రహ్మా శివుడూ రావిచెట్టూ సాక్షులు. వడ్డీ ఏటేటా, అసలు కలియుగం చివర్న. 1920ల అమెరికా పత్రానికీ దీనికీ గడువులోనే తేడా. కొండ కింద తిరుపతిలో గోవిందరాజస్వామి కుంచం తలకింద పెట్టుకుని పడుకున్నది కూడా, తమ్ముడి వడ్డీకాసులు కొలిచి కొలిచి అలిసిపోయే అంటారు. ఇక్కడ ఆ ఉద్యోగం చేసే కంపెనీని లోన్ సర్వీసర్ అంటారు. అప్పిచ్చేది ఒకరు, వసూలు చేసి కొలిచేది ఇంకొకరు. ఆమాటకొస్తే స్వామికి స్థలం కూడా సొంతం కాదు, వరాహస్వామి ఇచ్చింది. అందుకే తొలిపూజ, తొలి నైవేద్యం ఆయనకి. ఇక్కడ ఆ నైవేద్యం కౌంటీవారికి ఇంటిపన్ను రూపంలో వెళ్తుంది, దాని కథ తర్వాత చెప్తాను. ఒక్క విషయంలో మాత్రం స్వామి అదృష్టవంతుడు. కుబేరుడు ఆ పత్రాన్ని ఎవరికీ అమ్ముకోలేదు. ఇక్కడ సంతకం తడి ఆరకముందే "మీ అప్పు ఇకనుంచి మాది" అని ఊరూపేరూ తెలియని కంపెనీ నుంచి ఉత్తరం వస్తుంది. ఈ పోలిక ఇంకా సాగదీస్తే కళ్ళు పోతాయి.

1929 మహామాంద్యంతో ఇక్కడి కుబేరులకే డబ్బు కరువైంది. నోటు తిరగరాయమంటే రాయలేదు, అసలు ఇప్పుడే కట్టమన్నారు. 1933 నాటికి రోజుకి వెయ్యికి పైగా ఇళ్ళు జప్తుకి వచ్చాయి. పల్లెల్లో రైతులు వేలం జరిగేచోట గుంపుగా నిలబడి, ఆవుకి ఐదు సెంట్లు, నాగలికి పది సెంట్లు పాడి, బయటివాడెవడైనా పాట పెంచబోతే వాడి వైపు గుర్రుగా చూసి, కొన్న సరుకంతా మళ్ళీ అసలు యజమానికే అప్పజెప్పేవారు. ఐయోవా రాష్ట్రంలో లె మార్స్ అనే ఊళ్ళో అదే ఏడాది ఏప్రిల్లో వ్యవహారం ఇంకా ముదిరింది. జప్తు కాగితాల మీద ఇకముందు సంతకం పెట్టనని ప్రమాణం చెయ్యమని రైతులు చార్లెస్ బ్రాడ్లీ అనే జడ్జిని కోర్టులోంచి ఈడ్చుకెళ్ళారు. కళ్ళకి గంతలు కట్టి, మెడకి తాడు వేసి, నెత్తిన కారు చక్రం మూత పెట్టి గ్రీజు పోశారు. ఆయన మాత్రం ప్రమాణం చెయ్యలేదు. ఆఖరికి వదిలేశారు. గవర్నరు సైన్యాన్ని దింపాడు. అమెరికా రైతంటే ట్రాక్టరూ టోపీ అనుకునే మనకి ఈ కథ బళ్ళో ఎవరూ చెప్పలేదు. ఆ రైతుల మీద నాకు కోపం రాదు, ఆ జడ్జి మీదా రాదు.

రెండు నెలలు తిరక్కుండా రూజ్‌వెల్ట్ ప్రభుత్వం హోమ్ ఓనర్స్ లోన్ కార్పొరేషన్ పెట్టి, మునిగిపోతున్న అప్పులు పది లక్షల దాకా తానే కొనేసి పదిహేనేళ్ళ గడువుతో తిరగరాసింది. ప్రతి వాయిదాలో వడ్డీతోపాటు కాస్త అసలూ తెగేలా సమాన వాయిదాలు పెట్టింది. 1934లో ఫెడరల్ హౌసింగ్ అడ్మినిస్ట్రేషన్ వచ్చి, ఇరవై ఏళ్ళ అప్పులకి ప్రభుత్వం పూచీ పడుతుందంది. అక్కణ్ణుంచి గడువు పాతికకి, 1948లో కొత్త ఇళ్ళకి ముప్పైకి, 1954లో పాత ఇళ్ళకీ ముప్పైకి పాకింది. ఆ అప్పులు కొనడానికి 1938లో ఫ్యానీ మే అనే ప్రభుత్వ సంస్థ పుట్టింది. యుద్ధం నుంచి తిరిగొచ్చిన సిపాయిలకైతే చేతిలోంచి డాలరు పెట్టక్కర్లేకుండానే ఇల్లు. నెలకెంత అన్న ప్రశ్న పుట్టింది ఇక్కడే అని నా లెక్క. గడువు సాగిన కొద్దీ వాయిదా అందుబాటులోకి వస్తుంది, అందుబాటులోకి వచ్చాక మొత్తం గురించి అడగడం నామోషీగా తోస్తుంది.

ఇంతవరకూ మెచ్చుకుంటూ చదివాను. తర్వాత ఆ కార్పొరేషన్ గీయించిన పటాలు చూశాను. ఊళ్ళని పేటలుగా విడదీసి ఆకుపచ్చ, నీలం, పసుపు, ఎరుపు రంగులు వేశారు. నల్లవాళ్ళుండే పేటలకి దాదాపు అన్నిచోట్లా ఎరుపే. ఎరుపు పడ్డచోట ప్రభుత్వ పూచీతో అప్పు పుట్టడం గగనం. కొత్తగా కట్టిన పేటల దస్తావేజుల్లో తెల్లవాళ్ళు తప్ప వేరేవాళ్ళు ఉండరాదన్న షరతు రాసుకునేవారు. మొదటి ప్రపంచయుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేసిన పంజాబీ భగత్ సింగ్ థిండ్, చట్టం దృష్టిలో తెల్లవాడు కాడని సుప్రీంకోర్టు 1923లో తేల్చింది. అంటే ఆ షరతు మనకీ వర్తించేదే. అలాంటి షరతుల్ని కోర్టులు అమలు చెయ్యకూడదన్న తీర్పు 1948లో వచ్చింది, ఇళ్ళ విషయంలో వివక్షని నిషేధించే చట్టం 1968లో. వడ్డీ ఎంత కడతామన్నది ఐదో పేజీలో కనబడుతుంది. ముప్పై ఏళ్ళపాటు ఆ వడ్డీ కట్టే అవకాశమే లేనివాళ్ళు ఎంత పోగొట్టుకున్నారో ఏ పేజీలోనూ లేదు. తండ్రి 1950లో కొన్న ఇల్లు కొడుకు కాలేజీ ఫీజయింది, మనవడి డౌన్ పేమెంటయింది. అవతలి పేటలో తండ్రి కట్టిన అద్దెకి రసీదు కూడా మిగల్లేదు.

మా అత్తయ్య లెక్కలో చేరనిది ఒకటుంది, అది కూడా చెప్పాలి. ఇక్కడి వాయిదా ముప్పై ఏళ్ళూ కదలదు. జీతాలూ ధరలూ పెరుగుతుంటే అదే అంకె ఏటేటా చిన్నదైపోతుంది. మన దగ్గర ఫ్లోటింగ్ రేటు మీద ఇల్లు కొన్నవాళ్ళకి తెలుసు, రేటు పెరిగితే వాయిదానో గడువో పెరుగుతుంది. ఇక్కడ ఆ భారం అప్పిచ్చినవాడిది. 1981 అక్టోబరులో కొత్త అప్పుల రేటు 18 శాతం దాటినప్పుడు, అంతకు పదేళ్ళ ముందు కొన్నవాళ్ళు పాత ఏడున్నర శాతం దగ్గరే హాయిగా కూర్చున్నారు. చితికిపోయింది ఆ చవక అప్పులిచ్చిన సేవింగ్స్ అండ్ లోన్ సంస్థలు. డిపాజిట్లకి ఇచ్చే వడ్డీ ఎక్కువ, అప్పుల మీద వచ్చేది తక్కువ. తర్వాత పోయినదాన్ని వెనక్కి రాబట్టుకోబోయి అడ్డమైన వ్యాపారాల్లోకీ దిగి మునిగాయి. వాటిని పూడ్చడానికి ప్రజల పన్నుల్లోంచి రమారమి 12,400 కోట్ల డాలర్లు పోయాయి. చవక వాయిదా ఖర్చు ఎవరో ఒకరు ఎక్కడో ఒకచోట కడుతూనే ఉన్నారు.

టెక్సస్ సంగతి కొంచెం వేరు. 1837 మాంద్యంలో అప్పులపాలైనవాళ్ళు ఎందరో రాత్రికి రాత్రి ఇళ్ళొదిలి ఇటు వచ్చేశారు. తలుపు మీద 'జీటీటీ' అని మూడక్షరాలు, టెక్సస్ వెళ్ళిపోయామని. అలాంటివాళ్ళు వచ్చి చేరిన రాజ్యం కాబట్టి 1839లోనే అప్పులవాడు ఇల్లు గుంజుకోకుండా చట్టం చేసుకుంది. సొంతిల్లు కుదువపెట్టి వేరే ఖర్చులకి అప్పు తెచ్చుకోవడం 1997 దాకా ఇక్కడ కుదిరేదే కాదు. ఇల్లు కొనడానికి చేసిన అప్పుకి మాత్రం ఆ రక్ష లేదు. వాయిదాలు తప్పినవాళ్ళ ఇళ్ళు ఇప్పటికీ ప్రతి నెలా మొదటి మంగళవారం కౌంటీ కోర్టు దగ్గర వేలానికొస్తాయి. మంగళవారం ఇంట్లోంచి డబ్బు బయటికి ఇవ్వకూడదనే మా నాయనమ్మ వినుంటే ఏమనేదో.

ఇంటిపన్ను చెప్తానన్నాను కదా. ఈ రాష్ట్రంలో ఆదాయపు పన్ను లేదు, ఆ లోటులో పెద్ద వాటా ఇంటి మీదే పూడ్చుకుంటారు. చాలా ఊళ్ళలో ఇంటి విలువలో ఏటా రెండు శాతం దరిదాపుల్లో ఉంటుంది. అప్పు తీరినా ఇది తీరదు. దాని మీద వడగళ్ళవానకి ఏటా పెరిగే ఇన్సూరెన్స్. వీసా మీద ఉన్నవాళ్ళకి ఇంకో గుబులు. ఉద్యోగం పోతే దేశంలో ఉండటానికి మహా అయితే 60 రోజులు, అప్పుకి 360 నెలలు.

మా తాతయ్య ఇంటికి వడ్డీ లేదు. ఒక పంట డబ్బుతో పునాది, ఇంకో పంటకి గోడలు, పొగాకు ధర బాగా పలికిన ఏడు పైకప్పు. అందరూ దాన్ని గొప్పగా చెప్తారు, నేనూ చెప్పేవాణ్ణి. అప్పిచ్చినవాడికి పైసా పోలేదు నిజమే. ఆ పదేళ్ళకి పైగా కాలమంతా మా నాయనమ్మ వానాకాలంలో కారే పాకలో గొడుగు కింద కూర్చుని వంట చేసింది. మా మేనత్త పుట్టిందీ ఆ పాకలోనే. రెండిళ్ళ ధర కట్టి మొదటిరోజే ఇంట్లో దిగాలా, ఒక్క ధర కట్టి పాకలో ఆగాలా అని అడిగితే అత్తయ్య దగ్గర కూడా సూటిగా జవాబు లేదు. "నీకు జీతం నెలనెలా వస్తది కదరా, మాకు పంటకే గదా" అంది. తాతయ్య కట్టిన ఆ ఇంటి దేవుడి గదిలో దీపం పెట్టడానికి ఇప్పుడు ఆవిడే రోజూ పక్కవీధి నుంచి వస్తోంది. ఫోన్లో గంట చప్పుడు వినబడినప్పుడల్లా నాకిక్కడ పనిమీద మనసు నిలవదు.

నెలనెలా జీతం వచ్చేవాళ్ళకి మాత్రం ఒక సులువుంది. ఇక్కడ ముందుగా కడితే చాలా ఇంటప్పులకి జరిమానా ఉండదు. పైన చెప్పిన అప్పుకి మొదటినుంచీ నెలకి ఐదొందలు ఎక్కువ పంపితే ముప్పై ఏళ్ళది పంతొమ్మిదిన్నర ఏళ్ళకే తీరుతుంది, రెండు లక్షల డాలర్ల పైన వడ్డీ తప్పుతుంది. పంపేటప్పుడు సర్వీసర్ వెబ్‌సైట్లో ఆ ఐదొందలు అసలుకే జమ చెయ్యాలని చెప్పే గడి విడిగా ఉంటుంది. అందులో అంకె వెయ్యకపోతే కొన్ని కంపెనీలు ఆ డబ్బుని వచ్చే నెల వాయిదాకి అడ్వాన్సుగా పెట్టుకుంటాయి. అప్పుడు అసలు తగ్గదు. స్టేట్‌మెంట్ రాగానే అసలు తగ్గిందో లేదో ఒకసారి చూసుకోవాలి, తగ్గకపోతే అదేరోజు ఫోన్ చెయ్యాలి.