హామీ సంతకం: స్మృతుల నుంచి సిబిల్ దాకా

భారత కాంట్రాక్టు చట్టం 1872 సెప్టెంబరు 1న అమల్లోకి వచ్చింది. బావమరిది అప్పుకో, తోటి ఉద్యోగి చిట్టీకో ష్యూరిటీ ఉన్నవాళ్ల మంచిచెడ్డలు ఈనాటికీ ఆ చట్టం చేతిలోనే ఉన్నాయి. ఆ సంతకం చరిత్రను ఓసారి తిరగేద్దాం.

హామీ ఉండటం మనకు కొత్త కాదు. యాజ్ఞవల్క్య స్మృతి దాన్ని మూడు రకాలుగా చెప్పింది: బాకీదారును హాజరుపరుస్తాననడం, అతను నమ్మదగినవాడనడం, అతను కట్టకుంటే నేను కడతాననడం. మొదటి రెండింటి భారం హామీ ఉన్నవాడితోనే పోతుంది. మూడోది కొడుకుల మీదికీ వస్తుంది. ఆ స్మృతికి విజ్ఞానేశ్వరుడు మితాక్షర వ్యాఖ్య రాస్తే, దాని ఆధారంగా 13వ శతాబ్దంలో కేతన తెలుగులో విజ్ఞానేశ్వరీయం రాశాడు. తర్వాత ఎన్నో తరాలు గడిచి 1872 చట్టం వచ్చింది. వేరేగా రాసుకుంటే తప్ప బాకీదారు బాధ్యత ఎంతో హామీదారు బాధ్యతా అంతేనని 128వ సెక్షన్ తేల్చేసింది.

అంతే అంటే ఎంతో తెలియాలంటే బ్యాంక్ ఆఫ్ బీహార్ కేసు చదవాలి. బ్యాంకు ఒకరికి అప్పిచ్చింది, మరొకరు హామీ ఉన్నారు. దావా నాటికి అసలు 11,700 రూపాయల పైచిలుకు, వడ్డీ 2,700 పైచిలుకు. పట్నా కోర్టు డిక్రీ ఇస్తూనే, బాకీదారు దగ్గర వసూలుకు ఉన్న దారులన్నీ అయిపోయాకే హామీదారు జోలికి వెళ్లాలని షరతు పెట్టింది. హైకోర్టూ సరేనంది. మన ఇళ్లలో ఎవరినడిగినా న్యాయం అదేనంటారు. అప్పు వాడుకున్నవాడు కళ్లెదుట ఉండగా సంతకం పెట్టినవాణ్ని పట్టుకోవడమేమిటి?

1968లో సుప్రీంకోర్టు ఆ షరతును కొట్టేసింది. తీర్పు రాసింది జస్టిస్ బచావత్, ఆ తర్వాత కృష్ణా జలాల పంపకంతో తెలుగువారందరికీ తెలిసిన బచావత్. బ్యాంకు ఆగాల్సి వస్తే హామీ తీసుకున్న ప్రయోజనమే ఉండదన్నారాయన. బాకీదారుకు కట్టే స్తోమత ఉన్నా సరే, హామీదారు కట్టాల్సిందే. కట్టాక బ్యాంకు హక్కులు అతనికి దఖలు పడతాయి, వాటితో వసూలు చేసుకోవాలి. తర్కం గట్టిదే. కానీ బ్యాంకు లాయర్లను పెట్టుకుని కూడా చేయలేకపోయిన వసూలు ఒక చిరుద్యోగి ఒంటరిగా ఎలా చేస్తాడు? ఆ ప్రశ్న నన్ను వదలదు.

ఆ తర్వాత కథ ఒక దారిన సాగలేదు. దివాలా చట్టం కింద కంపెనీ బాకీ పరిష్కారమైనంత మాత్రాన హామీ ఇచ్చిన ప్రమోటరు బాధ్యత దానంతటదే తీరిపోదని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. చిట్టీకి సంతకం పెట్టిన టీచరుకైతే జీతం అటాచ్‌మెంటు: మొదటి వెయ్యి పోను, మిగిలినదాంట్లో మూడో వంతు దాకా. అప్పుల చరిత్ర చూపే సిబిల్ రిపోర్టులో ఇంకొకరి అప్పు మన పేరిట కనబడుతుంది. హామీదారు ఒప్పుకోకుండా షరతులు మారిస్తే ఆ తర్వాతి లావాదేవీలకు అతను బాధ్యుడు కాదని 133వ సెక్షన్ అంటుంది. ఆ సమ్మతిని బ్యాంకులు అచ్చు పత్రంలో ముందే రాయించుకుంటాయి.

కాబట్టి సంతకం చేసేముందు ఆ అప్పు మీరే తీసుకుంటున్నట్టు లెక్కేసుకోండి. ఖాళీ కాగితం మీద సంతకం పెట్టకండి, పత్రం నకలు అడిగి తీసుకోండి. కట్టాల్సి వస్తే రసీదులు దాచుకోండి, తోటి హామీదారుల వాటా అడగండి. మొహమాటానికి పోకుండా, కట్టిన నాటి నుంచి 3 ఏళ్లలోపు బాకీదారుపై దావా వేయండి. ఆ గడువు దాటితే కోర్టు కూడా మీకు సాయపడలేదు.