ఉజమా రెసిడెన్షియల్ కాలేజి

అమెరికాలో న్యూయార్క్ రాష్ట్రం ఇథాకా పట్టణంలోని కార్నెల్ విశ్వవిద్యాలయానికి చెందిన విద్యార్థి వసతి గృహం. నల్లజాతి చరిత్ర, సంస్కృతులు కేంద్రంగా 1972లో మొదలైంది. క్యాంపస్ ఉత్తర భాగంలో ఉంది. ఏ జాతి విద్యార్థి అయినా చేరవచ్చు. ‘ఉజమా’ అంటే స్వాహిలీలో కుటుంబభావం. టాంజానియా అధ్యక్షుడు జూలియస్ నైరేరే 1967 నాటి అరూషా ప్రకటనలో ఈ మాటను తన సామ్యవాద విధానానికి పేరుగా నిలిపాడు. ఆఫ్రికన్ అమెరికన్లు క్వాంజా పండుగలో పాటించే ఏడు సూత్రాల్లో నాలుగోది కూడా ఇదే.

పూర్వరంగం: కార్నెల్ 1865లో ఏర్పడింది. ఎవరైనా ఇక్కడ చదువుకోవచ్చన్నది స్థాపకుల ఆశయం. నల్లజాతి విద్యార్థులకు తరగతి గదిలో చోటు దొరికింది కాని, తలదాచుకునే చోటు సులువుగా దొరకలేదు. తర్వాతి కాలంలో ‘క్రైసిస్’ పత్రిక సాహిత్య సంపాదకురాలిగా పేరు తెచ్చుకున్న జెస్సీ ఫాసెట్ 1905లో ఇక్కడ పట్టా పుచ్చుకున్నది.  1904–05లో చదివిన నల్లజాతి విద్యార్థుల్లో ఆరుగురు మరుసటి ఏడు తిరిగి రాలేదు. మిగిలినవారు ఒకరికొకరు తోడుగా ఉండి చదువు నిలబెట్టుకోవాలని పట్టణంలో ఒక నల్లజాతి కుటుంబం ఇంట్లో కలుసుకోసాగారు. ఆ కలయికలే 1906 డిసెంబర్ 4న ఆల్ఫా ఫై ఆల్ఫా సంఘంగా రూపుదిద్దుకున్నాయి. అమెరికా కళాశాలల్లో నల్లజాతి విద్యార్థులు నిలబెట్టుకున్న సోదర సంఘాల్లో ఇది ఆద్యం. స్థాపకులు ఏడుగురిలో ఒకరైన వెర్ట్నర్ టాండీ తర్వాత న్యూయార్క్‌లో పేరున్న వాస్తుశిల్పి అయ్యాడు.

1911లో ఇద్దరు నల్లజాతి విద్యార్థినులు ఆడపిల్లల హాస్టల్ సేజ్ కాలేజిలో గది అడిగితే, ఇవ్వవద్దంటూ తెల్లజాతి విద్యార్థినులు సంతకాలు సేకరించారు. అధ్యక్షుడు జేకబ్ గౌల్డ్ షర్మన్ ఆ వినతిని తోసిపుచ్చాడు. ఆ నాటికి అది ధైర్యమైన నిర్ణయం. ఆ తర్వాత అర్ధశతాబ్దం పాటు నల్లజాతి విద్యార్థుల సంఖ్యలో చెప్పుకోదగ్గ మార్పు రాలేదు.

1963–1969: 1963లో జేమ్స్ పెర్కిన్స్ అధ్యక్షుడయ్యాక నల్లజాతి విద్యార్థులను వెతికి రప్పించే ప్రత్యేక పథకం మొదలుపెట్టాడు. అప్పటికి కొద్దిమందే ఉన్న వాళ్లు 1969 నాటికి దాదాపు 250 మంది అయ్యారు. రమ్మని పిలిచిన విశ్వవిద్యాలయం, వచ్చినవాళ్లు ఎక్కడ, ఎలా ఉంటారన్నది ముందుగా ఆలోచించలేదు. పాటలు పెట్టుకోవడం దగ్గర, జుట్టు చక్కదిద్దుకోవడం దగ్గర కూడా హాస్టళ్లలో తగాదాలు వచ్చేవి. ఆ ఇబ్బంది నుంచే 1968లో నల్లజాతి విద్యార్థినుల కోసం వారీ హౌస్ అనే చిన్న సహకార గృహం ఏర్పడింది. ఉజమాకు అసలైన పూర్వరూపం అదే.

1969 ఏప్రిల్ 18 తెల్లవారకముందు, వారీ హౌస్ వాకిట్లో ఎవరో శిలువ నాటి నిప్పంటించారు. లోపల నిద్రపోతున్న అమ్మాయిలకు ఆ మంట అర్థం విడమరిచి చెప్పనక్కర్లేదు. దక్షిణాది రాష్ట్రాల్లో కూ క్లక్స్ క్లాన్ తరతరాలుగా నల్లవారిని బెదిరించిన పద్ధతి అది. మరునాడు, ఏప్రిల్ 19 తెల్లవారుజామున, నల్లజాతి విద్యార్థుల సంఘం ఆఫ్రో-అమెరికన్ సొసైటీ సభ్యులు విద్యార్థి భవనం విలర్డ్ స్ట్రెయిట్ హాల్‌ను ఆక్రమించారు. అది తల్లిదండ్రులు పిల్లల్ని చూడవచ్చే వారాంతం. పై అంతస్తు అతిథి గదుల్లో దిగినవారిని నిద్రలేపి బయటికి పంపేశారు. తర్వాత తెల్లజాతి విద్యార్థుల సోదర సంఘం ఒకదాని సభ్యులు పక్క దారిన చొరబడి కలబడ్డారు. వాళ్లను వెళ్లగొట్టాక, మళ్లీ దాడి జరుగుతుందన్న భయంతో లోపలివాళ్లు తుపాకులు తెప్పించుకున్నారు.

సుమారు 36 గంటల తర్వాత విశ్వవిద్యాలయంతో ఒప్పందం కుదిరింది. తుపాకులు, తూటాల దండలతో విద్యార్థులు మెట్లు దిగుతుండగా స్టీవ్ స్టార్ తీసిన ఛాయాచిత్రానికి 1970లో పులిట్జర్ బహుమతి వచ్చింది. దేశమంతా ఆ తుపాకులనే గుర్తుపెట్టుకుంది. వాటికి ముందు రోజు మండిన శిలువను అంతగా గుర్తుపెట్టుకోలేదు. పెర్కిన్స్ ఆ మే నెలలోనే రాజీనామా ప్రకటించాడు.

స్థాపన: 1969 శరదృతువులో జేమ్స్ టర్నర్ సంచాలకుడిగా ఆఫ్రికానా అధ్యయన కేంద్రం తెరుచుకుంది. 1970 ఏప్రిల్ 1న ఎవరో నిప్పుపెట్టడంతో ఆ భవనం కాలిపోయింది. కేంద్రం మరో భవనంలో కొనసాగింది. చదువుకు కేంద్రం దొరికాక మిగిలింది కలిసి బతికే చోటు. అది 1972లో ఉజమాగా వచ్చింది.

విమర్శలు: ఇలాంటి ప్రత్యేక ఏర్పాట్లపై అభ్యంతరాలు ఒక్క తెల్లజాతి వర్గాల నుంచే రాలేదు. పాఠశాలల్లో జాతి వేర్పాటును రద్దుచేసిన 1954 సుప్రీంకోర్టు తీర్పుకు తన పరిశోధనతో బలమిచ్చిన నల్లజాతి మనస్తత్వవేత్త కెనెత్ క్లార్క్, ఎంతో పోరాడి తీసేసిన గోడను మళ్లీ కట్టవద్దని వాదించాడు. ఒహాయోలోని ఆంటియోక్ కళాశాలలో నల్లజాతివారికే పరిమితమైన కార్యక్రమాన్ని నిరసిస్తూ 1969లో అక్కడి పాలకమండలి నుంచి తప్పుకున్నాడు. న్యూయార్క్ ఉన్నత విద్యను పర్యవేక్షించే రీజెంట్ల బోర్డులోనూ ఆయన సభ్యుడిగా ఉండేవాడు. ఆయన మాట తేలిగ్గా తీసిపారేయదగ్గది కాదు. కార్నెల్ మాత్రం, ప్రవేశం అందరికీ ఉందని, చేరడం విద్యార్థి ఇష్టమని సమాధానం చెబుతూ వచ్చింది. 1990ల మధ్యలో ఇలాంటి గృహాలు వివక్ష కిందికి వస్తాయంటూ ఒక పౌరహక్కుల సంస్థ ఫిర్యాదు చేస్తే, సమాఖ్య విద్యాశాఖ ఉల్లంఘనేమీ లేదని తేల్చింది.

తర్వాతి కాలం: 1991లో అమెరికా మూలవాసుల సంస్కృతి కేంద్రంగా అక్వేకొన్, 1994లో లాటినో సంస్కృతి కేంద్రంగా లాటినో లివింగ్ సెంటర్ అనే వసతి గృహాలు కార్నెల్‌లోనే వెలిశాయి. స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలోనూ ఉజమా పేరుతోనే నల్లజాతి సంస్కృతి కేంద్రంగా వసతి గృహం ఉంది. కార్నెల్ ఉజమాలో ‘యూనిటీ అవర్’ అనే సమావేశంలో నివాసులు, బయటివారు కలిసి కూర్చుని రాజకీయాలు, చరిత్ర, ఇంటి సంగతులు మాట్లాడుకుంటారు.