సినిమా చరిత్ర పుస్తకాలు – అందులో మనవాళ్లు

సినిమా అంటే మన పెద్దలలో కొందరికి ఇప్పటికీ గిట్టదు. పిల్లలు చెడిపోయే దారి అంటారు. ఆ వాదంలోకి నేను పోదలచుకోలేదు. సినిమా మంచిదా చెడ్డదా అనేది వేరే సంగతి. ఈ దేశంలో సినిమా పుట్టి పెరిగిన కథలో ముస్లిం స్త్రీ పురుషుల కష్టం ఎంత ఉంది, అది ఎక్కడ రాసి ఉంది, ఎక్కడ రాయకుండా పోయింది అనేది మాత్రం చదువుకున్న ప్రతి కుటుంబమూ తెలుసుకోదగ్గ విషయం. అందుకే సినిమాల గురించి గాక, సినిమా చరిత్ర మీద, దర్శకుల మీద వచ్చిన పుస్తకాల గురించి నాలుగు మాటలు రాస్తున్నాను.

సినిమా ఉండగా పుస్తకం ఎందుకు అని ఎవరైనా అడగవచ్చు. సినిమా ఉంటే కద! మన దేశపు మొదటి టాకీ “ఆలం ఆరా” 1931 మార్చి 14న బొంబాయి మెజెస్టిక్ థియేటరులో విడుదలయింది. తీసినది పార్సీ పెద్దమనిషి అర్దేషిర్ ఇరానీ. నాయిక జుబేదా. అందులో ఫకీరు వేషం వేసిన డబ్ల్యు.ఎం. ఖాన్ పాడినదే మన తెర మీద వినబడిన మొట్టమొదటి పాట. ఈ రోజున ఆ చిత్రం ప్రతి ఒక్కటి కూడా దొరకదు. పాతకాలపు ఫిలిం నైట్రేటుతో చేసినది, ఇట్టే అంటుకుంటుంది. పైగా అందులో వెండి ఉంటుంది. ఆట ఆడి పాతబడిన రీళ్లను వెండి కోసం అమ్ముకున్నారు. 1964లో పుణెలో జాతీయ ఫిలిం ఆర్కైవు పెట్టిన తరువాత పి.కె. నాయర్ అనే ఆయన దేశమంతా తిరిగి పాత చిత్రాలు పోగుచేశారు గాని, ఆయనకు కూడా “ఆలం ఆరా” తాలూకు ఫోటోలే చిక్కాయి. ఆ పోగుచేసిన వాటిలో కూడా చాలా నైట్రేటు రీళ్లు 2003లో అగ్నిప్రమాదంలో కాలిపోయాయి. మూకీల కాలంలో వెయ్యికి పైగా చిత్రాలు తీశారంటే, చూడటానికి మిగిలినవి చాలా కొద్ది. కాబట్టి ఆ రోజుల సంగతి తెలియాలంటే కాగితమే దిక్కు.

ఆ కాగితాలలో పాతది ఒక సర్కారు నివేదిక. 1927లో బ్రిటిష్ ఇండియా ప్రభుత్వం మద్రాసు వకీలు దివాన్ బహదూర్ టి. రంగాచారియార్ అధ్యక్షతన ఒక కమిటీ వేసింది. సెన్సారు ఎట్లా ఉండాలి, అమెరికా చిత్రాలకు బదులు బ్రిటిష్ సామ్రాజ్యంలో తీసిన చిత్రాలను ప్రోత్సహించవచ్చా అన్నది వాళ్ల ప్రశ్న. కమిటీవాళ్లు ఊరూరా తిరిగి థియేటరు యజమానులను, చిత్రాలు తీసేవారిని, అధికారులను, మతపెద్దలను కూర్చోబెట్టి అడిగారు. 1928లో నివేదిక, దాంతోపాటు సాక్ష్యాల సంపుటాలు అచ్చయ్యాయి. చేసిన సిఫారసులను ప్రభుత్వం దాదాపు మూలన పడేసింది. అయినా ఆ సాక్ష్యాలు బంగారం. ప్రశ్న, జవాబు, ప్రశ్న, జవాబు – చదువుతుంటే కోర్టులో కూర్చున్నట్టే ఉంటుంది. తరువాత వచ్చిన చరిత్రకారులందరూ ఆ బావిలో నీళ్లు తోడుకున్నవారే.

అసలైన చరిత్ర గ్రంథం అనదగ్గది 1963లో వచ్చింది. అమెరికాలో కొలంబియా విశ్వవిద్యాలయం ప్రచురించిన “ఇండియన్ ఫిల్మ్”. రాసినవారు ఎరిక్ బార్నో, ఎస్. కృష్ణస్వామి. ఈ కృష్ణస్వామి తమిళ దర్శకుడు కె. సుబ్రహ్మణ్యం గారి కొడుకు. ఆ తరువాత 1970లో ఫిరోజ్ రంగూన్‌వాలా మూకీలు, హిందీ చిత్రాల జాబితా ఒకటి తయారు చేశారు. జాబితా అంటే ఉత్త పేర్లు, సంవత్సరాలు, కథేమీ ఉండదు. చదవడానికి రుచి లేదు గాని అది లేకపోతే పని జరగదు. 1974లో హమీదుద్దీన్ మహమూద్ పుస్తకం, 1994లో ఆశిష్ రాజాధ్యక్ష, పాల్ విల్లెమెన్ల విజ్ఞాన సర్వస్వం. సత్యజిత్ రాయ్ వ్యాసాల సంపుటి 1976లోనే వచ్చింది. అది దర్శకుడు స్వయంగా రాసినది గనక దాని దారి వేరు.

బార్నో, కృష్ణస్వామి పుస్తకంలో మన హైదరాబాదు వాళ్లు తప్పక చదవవలసిన కథ ఒకటి ఉంది. ధీరేంద్రనాథ్ గంగూలీ అనే బెంగాలీ చిత్రకారుడు హైదరాబాదులో చిత్రకళ నేర్పుతూ ఉండేవాడు. మారువేషాలు వేసి ఫోటోలు తీయించుకోవడం ఆయనకు సరదా. కలకత్తా వెళ్లి 1921లో విలాయతు నుంచి తిరిగొచ్చిన దొరబాబుల మీద హాస్యచిత్రం తీసి పేరు తెచ్చుకున్నాడు. 1922 ప్రాంతంలో మళ్లీ హైదరాబాదుకే వచ్చి, నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ ఆదరణతో లోటస్ ఫిలిం కంపెనీ పెట్టాడు. స్టూడియో, ల్యాబొరేటరీ, సినిమా హాళ్లు కూడా నడిపాడు. మద్రాసులో రఘుపతి వెంకయ్య గారి కుటుంబం “భీష్మ ప్రతిజ్ఞ” తీసిన రోజుల్లోనే ఇక్కడ మూసీ ఒడ్డున కూడా చిత్రాలు తయారయ్యాయన్న మాట! ఐతే 1924లో గంగూలీ తన హాల్లో “రజియా బేగం” అనే చిత్రం ఆడించాడు. బొంబాయిలో తీసినది. అందులోని హిందూ–ముస్లిం ప్రేమకథ దర్బారుకు నచ్చలేదు. కంపెనీ మూసి ఊరు వదలమని హుకుం వచ్చింది. ఆయన కలకత్తాకు పోయాడు, తరువాత చాలా చిత్రాలు తీశాడు, 1975 సంవత్సరపు ఫాల్కే అవార్డు కూడా అందుకున్నాడు. నష్టపోయింది హైదరాబాదే. ఆ స్టూడియో ఇంకో పదేళ్లు నిలిచి ఉంటే దక్కనీ మాట, ఉర్దూ నాటకం, తెలుగు పాట ఒకే చోట తెర మీదికి వచ్చి ఉండేవని నా ఉద్దేశం. కరీంనగర్ నుంచి పైడి జైరాజ్ మూకీలలో వేషాల కోసం బొంబాయి దాకా పోవలసి రావడం ఆ తరువాతి సంగతి.

దర్శకుల జీవితచరిత్రల మాటకొస్తే, మహబూబ్ ఖాన్‌ను ముందు చెప్పాలి. 1907లో గుజరాతులో బిలిమోరా దగ్గర పుట్టాడు. చదువు పెద్దగా అబ్బలేదు. బొంబాయి చేరి ఇరానీ గారి ఇంపీరియల్ కంపెనీలో గుంపులో నిలబడే వేషాలు వేశాడు. 1927 నాటి “అలీబాబా” చిత్రంలో జాడీలో దాక్కున్న నలభై దొంగలలో ఒకడు! “ఆలం ఆరా”లో నాయకుడి వేషం మొదట ఆయనకే అనుకుని, చివరికి మాస్టర్ విఠల్‌కు ఇచ్చారని చెబుతారు. 1935లో “అల్ హిలాల్”తో దర్శకుడయ్యాడు. 1940లో “ఔరత్” తీసి, అదే కథను మళ్లీ పదిహేడేళ్లకు “మదర్ ఇండియా”గా తీశాడు. ఆస్కార్ విదేశీ చిత్రాల తుది పోటీ దాకా వెళ్లిన మొదటి భారతీయ చిత్రం అదే. 1964 మే 28న, నెహ్రూ గారు పోయిన మర్నాడు, కన్నుమూశాడు. ఆయన మీద బన్నీ రూబెన్ ఇంగ్లీషులో రాసిన జీవితచరిత్ర 1994లో గాని రాలేదు. అంటే మనిషి పోయిన ముప్పై యేళ్లకు. ఫ్రాన్సులో త్రూఫో అనే కుర్ర దర్శకుడు పెద్దాయన హిచ్‌కాక్ బతికుండగానే 1962లో రోజుల తరబడి ఎదురుగా కూర్చుని, చిత్రం తరువాత చిత్రం అడిగి, 1966లో పుస్తకం వేశాడు. మహబూబ్‌ను అట్లా అడిగి రాసుకున్నవాడు ఉంటే ఎంత బాగుండేది!

ఉర్దూలో ఇంకో రకం పుస్తకం ఉంది. సాదత్ హసన్ మంటో బొంబాయి స్టూడియోలలో కథలు రాసి బతికినవాడు. 1952లో లాహోరు నుంచి “గంజే ఫరిష్తే” అని వేశాడు. అశోక్ కుమార్, నర్గీస్, శ్యామ్ వంటి వాళ్ల బొమ్మలు అందులో గీశాడు. ఎవరినీ వదలలేదు, తనను కూడా. చరిత్రగా నమ్మాలా అంటే, తారీఖుల కోసం నమ్మకూడదు. ఆ రోజుల్లో స్టూడియో గాలి ఎట్లా ఉండేదో తెలుసుకోవడానికి మాత్రం దాన్ని మించిన పుస్తకం లేదంటాను.

తారీఖు మాట వచ్చింది గనక తెలుగు సంగతి చెప్పాలి. మన మొదటి టాకీ, హెచ్.ఎం. రెడ్డి తీసిన “భక్త ప్రహ్లాద”, 1931 సెప్టెంబరు 15న విడుదలయిందని పుస్తకాలన్నీ రాశాయి. ఒకరు రాసినది ఇంకొకరు దించుకున్నారు. పాత్రికేయుడు రెంటాల జయదేవ ఆనాటి పత్రికలు, సెన్సారు వివరాలు వెదికి, బొంబాయిలో 1932 ఫిబ్రవరి 6న విడుదలయిందని తేల్చారు. దశాబ్దాల పాటు అచ్చులో నిలిచిన తారీఖు పాత కాగితం ముందు నిలవలేదు.

పాత కాగితం అంటే పాటల పుస్తకాలు కూడా. హాలు దగ్గర కొన్ని అణాలకు అమ్మేవారు. కథ సంగ్రహం, నటుల పేర్లు, పాటలు ఉండేవి. హిందీ చిత్రాలవైతే తరచు ఒక పక్క నాగరి, ఒక పక్క ఉర్దూ. కాన్పూరులో హర్‌మందిర్ సింగ్ “హమ్‌రాజ్” ఇటువంటివి ఓపికగా పోగుచేసి హిందీ సినిమా పాటల కోశం సంపుటాలుగా వేశారు. దర్శకుడి పేరు, కవి పేరు, పాడినవారి పేరు చాలా చిత్రాలకు అందులోనే దొరుకుతాయి. మన ఇళ్లలో పెట్టెల అడుగున, నానీమా దాచుకున్న బట్టల కింద ఇటువంటివి ఉన్నాయేమో పాత కాగితాల వాడికి తూచి ఇచ్చేముందు ఒకసారి చూడండి. ఉర్దూ చదవగలిగిన పెద్దలు ఇంట్లో ఉన్నప్పుడే పేర్లు తెలుగులో రాయించుకుంటే మంచిది. మనవలకు ఆ లిపి రాదు.

చివరగా ఫాత్మా బేగం. ఉర్దూ నాటకాల నుంచి వచ్చి 1922లో ఇరానీ చిత్రం “వీర అభిమన్యు”లో వేషం వేసింది. ఆడ వేషాలు మగవాళ్లే కట్టే రోజులవి. 1926లో సొంత కంపెనీ పెట్టి “బుల్‌బులే పరిస్తాన్” అనే చిత్రానికి తానే దర్శకత్వం వహించింది. ఈ దేశంలో మొదటి మహిళా దర్శకురాలు ఆమే. ముగ్గురు కూతుళ్లు – సుల్తానా, జుబేదా, షహజాదీ – ముగ్గురూ తెర మీదికి వచ్చారు. “ఆలం ఆరా” నాయిక ఆ జుబేదాయే. ఆ “బుల్‌బులే పరిస్తాన్” కూడా ఇప్పుడు లేదు. ఏ పుస్తకం తీసినా ఆమెకు ఒక పేరాకు మించి దక్కదు.

ఆమె ఎప్పుడో పోయిందేమో అనుకుంటాము. కాదు. 1963లో బార్నో పుస్తకం వచ్చినప్పుడు ఉంది, 1970లో రంగూన్‌వాలా జాబితా వచ్చినప్పుడు ఉంది. 1981లో టాకీకి యాభై యేళ్లు నిండిన నాటికి తల్లీ కూతుళ్లు ఇద్దరూ బతికే ఉన్నారు. ఫాత్మా బేగం 1983లో, జుబేదా 1988లో పోయారు. ఆమె ఎదుట కూర్చుని అడిగి రాసిన పుస్తకం ఒక్కటి కూడా నా కంటబడలేదు.