‘ముడి’ ఎక్కడ రాలిపోయింది?

తొమ్మిదో తరగతిలో విశేషణాల పాఠం చెబుతున్నాను. ‘ముడి’ అన్న మాటకు ఉదాహరణలు అడిగితే పిల్లలు ముడి సరుకు, ముడి బియ్యం, ముడి చమురు అంటూ వరసగా చెప్పుకుపోయారు. వెనక బెంచీలోంచి ఒక కుర్రవాడు ‘‘ముడి ప్రొటీన్, సార్’’ అన్నాడు. వాళ్లింట్లో నాలుగు గేదెలున్నాయి. దాణా బస్తా మీద ‘ముడి ప్రొటీన్ 20 శాతం’ అని అచ్చువేసి ఉంటుందట. ‘‘అంటే ఏంటి సార్?’’ అని అడిగాడు. నేను తడుముకోకుండా ‘‘శుద్ధి చెయ్యని ప్రొటీన్. గింజలోంచీ చెక్కలోంచీ వచ్చింది వచ్చినట్టుగా ఉన్నది’’ అని చెప్పాను. పిల్లవాడు తృప్తిపడ్డాడు. నేనూ తృప్తిపడ్డాను.

ఆ జవాబు తప్పని తెలియడానికి నాకు పది రోజులు పట్టింది. తెలుగు ఎం.ఎ. చదివినవాడికి సైన్సు పరిభాషతో పనేమిటని అడిగేవాళ్లుంటారు. కాని ఇక్కడ చిక్కు సైన్సులో లేదు, విశేషణంలో ఉంది. ఒక విశేషణం దేన్ని విశేషిస్తున్నదో తెలుసుకోవడం మన పనే.

మా పాఠశాల సైన్సు మాస్టారు విప్పి చెప్పిన సంగతి ఇది. దాణాలో ప్రొటీన్ ఎంతుందో ప్రయోగశాలలో సాధారణంగా నేరుగా కొలవరు. నత్రజనిని కొలుస్తారు. ప్రొటీన్లలో సగటున 16 శాతం నత్రజని ఉంటుంది కనుక, వచ్చిన నత్రజనిని 6.25 తో గుణిస్తారు. నూరుని పదహారుతో భాగిస్తే వచ్చేది ఆ 6.25. గుణించగా వచ్చిన అంకె పేరు ‘క్రూడ్ ప్రొటీన్’. అంటే అది ఒక పదార్థం పేరు కాదు, ఒక లెక్క పేరు. ఆ నత్రజని నిజంగా ప్రొటీన్‌లోంచి వచ్చిందా, మరెక్కడినుంచైనా వచ్చిందా అన్న విచారణ ఆ లెక్కలో లేదు. విచారణ జరగలేదని ఒప్పుకోవడానికే ‘క్రూడ్’ అన్న మాట ముందు నిలబడి ఉంది.

మన తెలుగులో అది ‘ముడి’ అయింది. పొరపాటు ఎక్కడ జరిగిందో చూడండి. తెలుగువాడికి ముడి అంటే మంచి మాట. ముడి బియ్యం ఒంటికి మంచివి. మర పట్టనిది, కల్తీ కానిది ముడిది. ఇంగ్లీషులో లెక్క ముతకదనాన్ని ఒప్పుకున్న మాట తెలుగులోకి వచ్చేసరికి సరుకు స్వచ్ఛతకు హామీ అయి కూర్చుంది. ఆ కుర్రవాడి తండ్రి బస్తా మీద చదువుతున్నది ఒప్పుకోలు కాదు, పొగడ్త. నేను తరగతిలో చెప్పిందీ ఆ పొగడ్తే.

అసలు ‘ప్రొటీన్’ అన్న మాట పుట్టుకలోనే ఇటువంటి తొందర ఉంది. 1838లో స్వీడన్ రసాయన శాస్త్రజ్ఞుడు బెర్జీలియస్ ఆ పేరు సూచించాడు. డచ్చి దేశపు ముల్డర్ దాన్ని ప్రచారంలో పెట్టాడు. గ్రీకులో ‘మొదటి స్థానంలో ఉన్నది’ అని దానర్థం. గుడ్డు తెల్లసొన, రక్తం, గోధుమ జిగురు అన్నిటిలోనూ ఒకే మూల పదార్థం ఉన్నదని ముల్డర్ నమ్మాడు. ఆ నమ్మకం తప్పని కొద్ది సంవత్సరాల్లోనే తేలింది. జర్మన్ శాస్త్రజ్ఞుడు లీబిగ్ మొదట ఆయన్ను సమర్థించి, తర్వాత ఎదురుతిరిగాడు. సిద్ధాంతం పోయింది, పేరు మిగిలింది. మన పాఠ్యపుస్తకాలు దానికి ‘మాంసకృత్తులు’ అని పేరు పెట్టాయి, మాంసాన్ని చేసేవి అని. మా చిన్ననాడు పిండిపదార్థాలు, మాంసకృత్తులు, కొవ్వులు అని వల్లెవేశాం. కందిపప్పులో మాంసం ఎక్కడిదని అడిగిన పిల్లవాణ్ణి అప్పటి మాస్టారు బెంచీ ఎక్కించారు. పిల్లవాడి ప్రశ్న సబబైనదే.

నత్రజని ఎంత ఉంటే తిండికి అంత బలమన్న భావం ఆ రోజుల్లోనే స్థిరపడింది. దాని మొదటి పరీక్ష ఎవరి మీద జరిగిందో గమనించాలి. పారిస్‌లో దార్సే అనే రసాయన శాస్త్రజ్ఞుడు, ఎముకలను ఉడికించి తీసిన జిలాటిన్‌తో చారు కాచి ఆసుపత్రుల్లోని పేదలకు పోయవచ్చని ప్రచారం చేశాడు. కసాయి దుకాణాల్లో పారేసే ఎముకలు కనుక ఖర్చు తక్కువ. జిలాటిన్‌లో నత్రజని దండిగా ఉంది కనుక శాస్త్రం పేరు చెప్పుకోవచ్చు. ఆ చారు తాగిన రోగులు దాన్ని అసహ్యించుకున్నారు. చివరికి మజాందీ అనే శరీరశాస్త్రజ్ఞుడు నాయకుడుగా ఒక సంఘం విచారణ జరిపి 1841లో నివేదిక ఇచ్చింది. జిలాటిన్ ఒక్కటే తిన్న కుక్కలు బతకలేదు. మన శరీరం తనంతట తాను తయారుచేసుకోలేని కొన్ని ఆమ్లాలు ప్రొటీన్‌లో ఉండాలనీ, వాటిలో ఒకటి జిలాటిన్‌లో బొత్తిగా లేదనీ చాలా కాలం తర్వాత తెలిసింది. కాని నత్రజని వేరు, పోషణ వేరు అన్న సంగతి మాత్రం 1841 నాటికే కాగితం మీదికి వచ్చేసింది. ఆ చారు దొరల బల్లల మీదికి రాలేదన్నది వేరే చెప్పనక్కర్లేదు.

‘క్రూడ్’ అన్న మాట 1860ల నాటిది. జర్మనీలో గ్యోటింగెన్ పక్కన వేండె అనే చోట పశుపోషణ పరిశోధన కేంద్రం ఉండేది. అక్కడ హెన్నెబెర్గ్, స్టోమాన్ అనే ఇద్దరు పశువుల మేతను భాగాలుగా విడగొట్టి లెక్కించే పద్ధతి ఒకటి ఏర్పరిచారు. చాలా భాగాల పేర్ల ముందు ‘రో’ అన్న జర్మన్ మాట చేర్చారు, మోటుది, శుద్ధి కానిది అన్న అర్థంలో. రో ప్రొటీన్, రో కొవ్వు, రో పీచు. తమ కొలతలో ఏవేవో కలిసి వస్తున్నాయని వాళ్లకు తెలుసు. తెలిసిందాన్ని దాచుకోకుండా పేరులోనే పెట్టారు. నాకు వాళ్ల మీద గౌరవం కలిగింది. ఎంతమంది విమర్శకులం మన తీర్పుల ముందు ‘మోటు’ అన్న మాట చేర్చుకుంటాం?

పైగా పశువుల విషయంలో ఆ మోటు లెక్క చాలావరకు పనిచేస్తుంది. గేదె కడుపులోని సూక్ష్మజీవులు ప్రొటీన్ కాని నత్రజనిని కూడా తిని తమ ఒంట్లో ప్రొటీన్‌గా మార్చుకుంటాయి. తర్వాత గేదె వాటిని అరిగించుకుంటుంది. అందుకే దాణాలో పరిమితంగా యూరియా కలపడం కూడా ఉంది. పరిమితి దాటితే చస్తుంది. యూరియా కలిపిన నీళ్ల తొట్టిలో మూతి పెట్టిన పశువు ఏమవుతుందో పల్లెల్లో ఎవర్నడిగినా చెబుతారు.

నత్రజనిని కొలవడం అప్పట్లో కష్టమైన పని. దాన్ని సులభం చేసినవాడు డెన్మార్కుకు చెందిన కెల్‌డాల్. కోపెన్‌హాగెన్‌లో కార్ల్స్‌బెర్గ్ అనే బీరు కంపెనీ యజమాని యాకబ్సెన్ 1875లో ఒక ప్రయోగశాల పెట్టాడు. బార్లీ గింజల్లో ప్రొటీన్ ఎంతుందో తెలిస్తే బీరు బాగా వస్తుంది. కెల్‌డాల్ 1883లో తన పద్ధతి ప్రకటించాడు. నమూనాను గంధకామ్లంలో మరిగించాలి, క్షారం చేర్చి అమ్మోనియాను ఆవిరిగా పట్టాలి, దాన్ని కొలవాలి. అంతే. యాకబ్సెన్‌లో ఒక గుణం చెప్పుకోవాలి. తన ప్రయోగశాలలో కనిపెట్టిన ముఖ్య విషయం ఏదీ రహస్యంగా ఉంచకూడదని నిబంధన పెట్టాడు. పెట్టుబడిదారు పెట్టిన నిబంధనే అయినా మంచిదాన్ని మంచిదనే అనాలి. ఆ పద్ధతి ప్రపంచమంతా పాకింది.

పాకుతూ పాకుతూ అది కొట్టంలోంచి వంటింట్లోకి వచ్చింది. వచ్చేటప్పుడు గుమ్మం దగ్గర ‘క్రూడ్’ను వదిలేసింది. పశువుల దాణా బస్తా మీద ఈనాటికీ ‘ముడి ప్రొటీన్’ అనే ఉంటుంది. మనుషులు తినే సరుకు మీద ఉత్త ‘ప్రొటీన్’ అని ఉంటుంది. చాలావరకు రెండూ నత్రజనిని ఏదో ఒక అంకెతో గుణించగా వచ్చినవే. ఆ గుణకం కూడా అన్నిటికీ ఒకటి కాదని 1931లోనే అమెరికా వ్యవసాయ శాఖలో జోన్స్ అనే ఆయన పట్టిక వేసి చూపించాడు. పాలకు 6.38, బియ్యానికి 5.95, వేరుశనగకు 5.46. అయినా 6.25 గద్దె దిగలేదు.

అదే అంకె మనుషుల్ని తూచడానికి కూడా పనికొచ్చింది. కలకత్తా వైద్య కళాశాలలో ఆచార్యుడు మెకే, బెంగాలీల మూత్రంలో నత్రజని కొలిచి, వాళ్లు ఎంత ప్రొటీన్ తింటున్నారో లెక్కకట్టి, 1912లో పుస్తకం రాశాడు. అన్నం తినే జాతులు బలంలోనూ పౌరుషంలోనూ తక్కువ కావడానికి ప్రొటీన్ లోపమే కారణమని తేల్చాడు. కొలత నిజమే కావచ్చు. ఆ మనుషులకు అన్నం తప్ప మరొకటి దొరక్కుండా చేసిన శిస్తులూ కరువులూ మాత్రం ఏ ఆమ్లంలోనూ మరగలేదు.

ఇక 2008. చైనాలో హెబేయి రాష్ట్రం షిజియాఝువాంగ్ నగరంలో సాన్‌లూ అనే పెద్ద పాల కంపెనీ ఉండేది. దాని పాలపొడి తాగిన పసిబిడ్డలకు మూత్రపిండాల్లో రాళ్లు వచ్చాయి. ఆ ఏడాది సెప్టెంబరులో సంగతి బయటపడింది. అధికార లెక్కల ప్రకారమే దాదాపు 3 లక్షల మంది బిడ్డలు జబ్బుపడ్డారు, ఆరుగురు చనిపోయారు. పాలలో కలిసింది మెలమిన్. గట్టి ప్లాస్టిక్ పళ్లేలు తయారుచేయడానికి వాడే పదార్థం. దానికీ పాలకూ ఏమిటి సంబంధం? పాలకు లేదు, లెక్కకు ఉంది. మెలమిన్‌లో మూడింట రెండు వంతులు నత్రజనే. నీళ్లు కలిపిన పాలు పరీక్షలో తేలిపోతాయి, నత్రజని తగ్గుతుంది కనుక. లీటరులో ఒక్క గ్రాము మెలమిన్ వేస్తే నాలుగు గ్రాముల ప్రొటీన్ ఉన్నట్టు అంకె లేస్తుంది. ఇందులో నన్ను ఎక్కువగా పట్టుకున్నది వేరే సంగతి. ఆ విషాన్ని కలిపిన పొడిని పాలు సేకరించే దళారులకు ‘ప్రొటీన్ పొడి’ అన్న పేరుతోనే అమ్మారు. అటువంటి పొడిని 700 టన్నులకు పైగా తయారుచేసిన ఒక వ్యక్తికి 2009లో మరణశిక్ష అమలుచేశారు. ఆ లెక్క ప్రకారం చూస్తే అతను పెట్టిన పేరు అబద్ధం కూడా కాదు. నూరు గ్రాముల మెలమిన్‌లో నాలుగువందల గ్రాములకు పైగా ‘ప్రొటీన్’ ఉన్నట్టు ఆ లెక్కే చెబుతుంది!

ఇది చైనావాళ్ల దుర్మార్గమని చేతులు దులుపుకోవద్దు. మన దేశం ఆ నెలలోనే చైనా పాల ఉత్పత్తుల దిగుమతి నిషేధించింది, మంచిదే. కాని పాలలో యూరియా కలిపి పట్టుబడినవాళ్లు మన దగ్గరా ఉన్నారు. మన పాల కేంద్రాల్లో ధర కట్టేది వెన్న శాతం, వెన్న కాని ఘనపదార్థాల శాతం చూసి. అక్కడ యూరియా లేపేది ఆ రెండో అంకెను. కొలత దేని మీద ఉంటే కల్తీ దానికి తగ్గట్టు వేషం వేసుకుంటుంది.

మర్నాడు తరగతిలో నా తప్పు ఒప్పుకుని, అదే పిల్లవాణ్ణి బోర్డు దగ్గరికి పిలిచాను. వాళ్ల కొట్టంలో దాణా బస్తా పక్కనే యూరియా బస్తా కూడా ఉంటుంది. దాని మీద నత్రజని 46 శాతమని ఉంటుందని వాడే చెప్పాడు. 6.25 తో గుణించమన్నాను. 287.5 వచ్చింది. నూరు కిలోల యూరియాలో రెండువందల ఎనభై ఏడున్నర కిలోల ముడి ప్రొటీన్. తరగతి గొల్లుమంది.

ముడి బదులు వేరే మాట చెప్పమంటే మోటు లెక్క, కాకి లెక్క, సుమారు, ఉజ్జాయింపు అన్నారు. ‘ఉజ్జాయింపు ప్రొటీన్’ నాకు నచ్చింది. దాణా బస్తా మీద ఈ మాట ఉంటే రైతు రెండోసారి చదువుతాడు. అమ్మేవాడు ఆ మాట అచ్చువేయడానికి ఎందుకు ఒప్పుకోడో కూడా పిల్లలకు వెంటనే అర్థమైంది.

గంట కొట్టాక ఆ కుర్రవాడు నా వెనకే వచ్చాడు. వాళ్ల అక్క పురిటికి వచ్చి ఉందట, బిడ్డకు డబ్బా పాలు పోస్తున్నారట. ‘‘గేదెల బస్తా మీద ముడి అని రాశారు గదా సార్, మా మేనల్లుడి డబ్బా మీద ఎందుకు రాయలేదు?’’ అన్నాడు. మర్నాడు డబ్బా ఖాళీది ఒకటి తెచ్చాడు. ఇద్దరం కిటికీ దగ్గర నిలబడి వెలుగులో అటూ ఇటూ తిప్పి చదివాం. ‘ప్రొటీన్’ అని మాత్రమే ఉంది.