సెంట్రీ సవాలు – వైఫై కథ

రాత్రి కాపలాలో సెంట్రీ "థమ్! కౌన్ ఆతా హై?" అని గద్దించగానే, వచ్చినవాడు ఆనాటి పాస్‌వర్డ్ చెప్పాలి. చీకట్లో పొంచి ఉన్నవాడు అది వినేస్తే? 1997లో వచ్చిన తొలి వైఫై ప్రమాణంలోని 'వెప్' పద్ధతికి ఇలాంటి జబ్బే ఉండేది. యాక్సెస్ పాయింట్ బాహాటంగా ఒక సవాలు పంపేది. కంప్యూటర్ దాన్ని రహస్య కీతో మార్చి తిప్పి పంపేది. ఆ రెండూ విన్నవాడు, కీ తెలియకపోయినా మరో సవాలుకు జవాబు చెప్పేయగలడు! 2001లో ఫ్లూరర్, మాంటిన్, షమీర్ ఏకంగా కీనే రాబట్టే దారి చూపారు. 2003లో డబ్ల్యూపీఏ, 2004లో డబ్ల్యూపీఏ2 వచ్చాయి. కలిసిన ప్రతిసారీ ఇరుపక్షాలూ కొత్త సంఖ్యలు మార్చుకుని, కొత్త కీలు తయారు చేసుకుంటాయి. అయినా పాస్‌వర్డ్ బలహీనమైతే, విన్నవాడు తీరిగ్గా ఊహించి పట్టేయవచ్చు. 2018 నాటి డబ్ల్యూపీఏ3 ఆ సందునూ మూసే ప్రయత్నం చేసింది.

ఇది చిన్న విషయం కాదు. 2008 జూలై 26న అహ్మదాబాద్ పేలుళ్లకు ముందు వెళ్లిన ఈమెయిల్, నవీ ముంబయిలో ఓ ఇంటి వైఫై మీదుగా పోయింది. ఆ ఇంటాయన అనవసరంగా దర్యాప్తులో ఇరుక్కున్నాడు.

యూనిఫాం విప్పినా మన ఇంటి రౌటర్ ఒక పోస్టే. అక్కడి సెంట్రీని నిద్రపోనివ్వకండి.