బలం మందు నుంచి బలవర్థక బియ్యం దాకా: గుంటూరు, ప్రకాశం పల్లెల్లో ‘సూక్ష్మ పోషకం’ అనే మాట

గుంటూరు, పల్నాడు, ప్రకాశం జిల్లాల మిరప, పత్తి చేలలో మందు కొట్టడం మూడు రకాలు. పురుగుకు కొట్టేది ఒకటి, తెగులుకు కొట్టేది ఒకటి, బలానికి కొట్టేది ఒకటి. మొదటి రెండింటిలో ఎవరి మీద కొడుతున్నామో తెలుసు. ఆకు తిరగేస్తే పురుగో మచ్చో కనిపిస్తుంది. మూడోదానిలో అలాంటిదేమీ కనిపించదు. ఎరువుల కొట్లో ఇచ్చే ఆ మూడో పొట్లం మీద అచ్చయి ఉండే పేరు ‘సూక్ష్మ పోషకాలు’. రైతు నోట అది ‘బలం మందు’. అదే ఊళ్లో అంగన్‌వాడీ గోడ మీదా, రేషన్ బియ్యం ప్రచారంలోనూ మళ్లీ సూక్ష్మ పోషకాల మాటే వినిపిస్తుంది. చేనుకూ ఒంటికీ ఒకే పారిభాషిక పదం నడుస్తున్న ప్రాంతం ఇది. శాస్త్రం ఈ మాటకు ‘లోపం ఉంటేనే’ అనే షరతు పెట్టింది. ఈ పల్లెల వాడుకలో ఆ షరతు జారిపోయి, దాని స్థానంలో పాత ‘బలం’ వచ్చి కూర్చుందని ఈ వ్యాసం వాదిస్తుంది.

‘పుష్’ ధాతువు నుంచి పుట్టిన మాటలు తెలుగులో చాలాకాలంగా ఉన్నాయి. పోషించడమంటే సాకడం, పెంచడం. బ్రౌన్ 1852 నిఘంటువు చెప్పే అర్థమూ అదే. నటుడు పాత్రను పోషిస్తాడు, కవి రసపోషణ చేస్తాడు. కళాపరిషత్తుల శిలాఫలకాల మీద ‘మహారాజ పోషకులు’ అంటే పెద్ద చందా ఇచ్చినవారు. తెలంగాణ బడుల్లో పోషకులంటే పిల్లల తల్లిదండ్రులు. వీటన్నిటిలోనూ పోషించేది మనిషి. పోషకం ఒక పదార్థమై, గ్రాముల్లోనూ మిల్లీగ్రాముల్లోనూ తూగేదై రావడం పాఠ్యపుస్తకాల కాలంలో జరిగింది. ‘పుష్టి’ దారి వేరు. పుష్టిగా ఉన్నాడంటే ఒళ్లు చేశాడనే మన అర్థం. ఆ మాట నుంచి వచ్చిన ‘పౌష్టికాహారం’ వినగానే తల్లులకు తోచేది పిల్లవాడు బొద్దుగా కావడమే. రక్తంలో ఇనుము పెరగడం తోచదు.

వ్యవసాయ శాస్త్రజ్ఞులు చాలాకాలం వేరే మాట వాడారు, ఇప్పటికీ వాడుతున్నారు: సూక్ష్మధాతువులు, ధాతు లోపాలు. నిజానికి అది మంచి మాట. లోపం పేరులోనే ఉంది. కానీ ధాతువు మీద ఆయుర్వేదానికి ముందే హక్కు ఉంది. రసం, రక్తం, మాంసం, మేదస్సు, అస్థి, మజ్జ, శుక్రం అని సప్తధాతువులు. ఆ చివరి ధాతువు పేరు చెప్పి గోడల మీదా బస్సుల వెనకా ప్రకటనలు రాసే లేహ్యాల వారి పుణ్యమా అని, రైతు సభలో ‘ధాతు లోపం’ అంటే వెనక వరసలో నవ్వులు వినిపిస్తాయి. పోషకం అనే మాటకు ఆ ఇబ్బంది లేదు. అది నెగ్గడానికి ఇదీ ఒక కారణమని నా ఊహ.

శాస్త్రంలో ఈ పదానికి హద్దులు గట్టివి. ఒక మూలకం మొక్కకు అత్యవసరమని ఎప్పుడు ఒప్పుకోవాలో శాస్త్రవేత్తలు ఆర్నన్, స్టౌట్ 1939లో మూడు షరతులు పెట్టారు. అది లేకుండా మొక్క తన జీవనచక్రం పూర్తిచేయలేకపోవాలి. దాని పని ఇంకో మూలకం చేయలేకపోవాలి. మొక్క జీవక్రియలో దానికి నేరుగా పాత్ర ఉండాలి. ఇనుము, జింకు, రాగి, మాంగనీసు, బోరాన్, మాలిబ్డినం ఇలా జాబితాకెక్కినవే. మనుషుల జాబితా ఇదే కాదు. మొక్క విటమిన్లను తానే తయారుచేసుకుంటుంది, మనం తినాలి. కాబట్టి మన సూక్ష్మ పోషకాల్లో విటమిన్లున్నాయి, మొక్క జాబితాలో లేవు. బోరాన్ లేకపోతే మొక్క బతకదు. మనిషికి అది అత్యవసరమని ఇంకా తేలలేదు. ‘స్థూల పోషకాలు’ దగ్గర తేడా ఇంకా పెద్దది. చేనుకు అవి నత్రజని, భాస్వరం, పొటాష్. మనకు పిండి పదార్థాలు, మాంసకృత్తులు, కొవ్వులు. ఎరువును మొక్కకు అన్నమని చెప్పే పాత అలవాటు అందుకే తప్పుదారి పట్టిస్తుంది. మొక్క అన్నం ఆకులో ఎండతో వండుకునేదే, బస్తాలోంచి వచ్చేది కాదు.

జాబితాలు వేరైనా ఒక్క సూత్రం రెంటికీ సమానం. పోషకం పనిచేసేది కొరత ఉన్నచోటే. ఆ కొరతకు రెండుచోట్లా అంకె ఉంది. నేల పరీక్షలో మొక్కకు అందే జింకు 0.6 పీపీఎం కన్నా తక్కువైతే లోపం. గర్భవతి కాని స్త్రీ రక్తంలో హిమోగ్లోబిన్ డెసీలీటరుకు 12 గ్రాముల కన్నా, గర్భవతికి 11 కన్నా తగ్గితే రక్తహీనత.

జింకు కథ చూస్తే చేను, ఒళ్లు ఎంత దగ్గరో తెలుస్తుంది. ఇరాన్‌లోని షిరాజ్ ప్రాంతంలో ఎదుగుదల ఆగిపోయి మరుగుజ్జులైన యువకుల గురించి వైద్యుడు ఆనంద ప్రసాద్ 1961లో రాశారు. కారణం జింకు లోపమని తర్వాత ఈజిప్టులో చేసిన పరిశోధన బలపరిచింది. వాళ్లు తినే రొట్టెలో జింకు లేకపోలేదు. గింజ పైపొరలోని ఫైటేట్ దాన్ని పట్టి ఉంచి, పేగుకు అందనివ్వలేదు. 1966లో పంత్‌నగర్‌లో వై.ఎల్. నేనె వరిలో ఖైరా తెగులుగా పిలుస్తున్నది తెగులు కాదు, జింకు లోపమని తేల్చారు. మన నల్లరేగడిలోనూ జింకు ఉండదని కాదు. సున్నం ఎక్కువై, క్షారగుణం పెరిగిన చోట అది వేరుకు అందదు. ఏళ్ల తరబడి డీఏపీ కుమ్మరించిన నేలలో పేరుకున్న భాస్వరం ఆ అందకపోవడాన్ని ఇంకా పెంచుతుంది. జింకు సల్ఫేటును భాస్వరం ఎరువుతో కలిపి వేయవద్దని శాస్త్రజ్ఞులు పదేపదే చెప్పడం అందుకే. ఉండటం వేరు, అందడం వేరు. ఈ ‘అందడం’ రైతు భాషలో సహజంగా ఉన్న మాట. కాలవ నీళ్లు చివరి పొలానికి అందలేదని రోజూ అనుకుంటూనే ఉంటాం. కరపత్రాలు మాత్రం దాన్ని వదిలి ‘లభ్యత’ అంటాయి.

మరి లోపం పోయి బలం ఎలా మిగిలింది? పల్లెలో బలానికి విరుద్ధం లోపం కాదు, నీరసం. లోపం కొలతకు దొరుకుతుంది, నీరసం దొరకదు. లోపం తీరాక ఇక చాలనొచ్చు, బలం మాత్రం ఎంతున్నా ఇంకొంచెం ఉంటే మంచిదే. వ్యాపారానికి ఇంతకన్నా అనువైన మాట ఉండదు. దీనికి తోడు ఈ ప్రాంతపు చరిత్ర ఒకటుంది. 1987-88లో తెల్లదోమ పత్తిని ఊడ్చేసి, గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో రైతుల ఆత్మహత్యలకు దారితీసిన కాలం నుంచీ, అప్పు ఇచ్చే కొట్టు యజమానే సలహాదారు కావడం మీద ఎన్నో చర్చలు జరిగాయి. అప్పు పెట్టిన మనిషి పురుగుమందుతోపాటు ఒక బలం మందు పొట్లం పెడితే వద్దనే రైతు అరుదు. 2021లో నల్ల తామర పురుగు మిరప పూతను నాశనం చేసినప్పుడు, పురుగుకు దారి తోచక బలానికి కొట్టినవారూ ఉన్నారు. బొబ్బర తెగులుకు మూలం వైరస్. పై ముడతకు తామర పురుగు, కింది ముడతకు నల్లి కారణం. సూక్ష్మ పోషకం కొడితే ఇవి పోవు. పైగా బలం పేరుతో నత్రజని మోతాదు మించితే రసం పీల్చే పురుగులకు లేత ఆకు విందవుతుంది.

సరైన వాడకం ఎలా ఉంటుందో పత్తిలో చూడవచ్చు. ఆకు ఈనెలు పచ్చగా ఉండి మధ్య భాగం ఎర్రబారితే అది మెగ్నీషియం లోపం. లీటరు నీటికి 10 గ్రాముల మెగ్నీషియం సల్ఫేట్ కలిపి, విత్తిన 45, 75 రోజులకు పిచికారీ చేయమంటారు. జింకుకు లీటరుకు 2 గ్రాముల జింకు సల్ఫేట్. లోపం, లక్షణం, పేరు, మోతాదు అన్నీ ఉన్నాయి. (మెగ్నీషియం సూక్ష్మ పోషకం కూడా కాదు, ద్వితీయ పోషకం. బలం మందు అనే పేరు కింద ఆ తేడా మాయమవుతుంది.) ఎరువుల నియంత్రణ ఉత్తర్వు 1985 ప్రకారం జింకు సల్ఫేట్ హెప్టాహైడ్రేట్‌లో జింకు 21 శాతం, బోరాక్స్‌లో బోరాన్ 10.5 శాతం ఉండాలి. ఈ అంకెల లెక్కలోకి రాని సీసాలు, అంటే పూత రాలదు, కాపు పెరుగుతుంది అని అమ్మే ద్రావణాలు, చాలాకాలం ఏ చట్టానికీ చిక్కలేదు. 2021 ఫిబ్రవరిలో సవరణ చేసి బయోస్టిమ్యులెంట్లన్న పేరుతో వాటినీ ఆ ఉత్తర్వు కిందికి తెచ్చారు. బలం మందుల్లో సగం కథ ఇక్కడే ఉంది.

మోతాదు మించితే ఏమవుతుందో చెప్పే ఉదాహరణ కృష్ణకు అవతలి ఒడ్డున, నల్లగొండలో ఉంది. తాగునీటిలో ఫ్లోరైడు మించి మనుషులకు వచ్చే ఫ్లోరోసిస్ గురించి 1937లో షార్ట్ బృందం ప్రచురించిన తొలి భారతీయ పరిశోధన మాత్రం ఈ ఒడ్డున, తర్వాత ప్రకాశం జిల్లాలో చేరిన పొదిలి, దర్శి, కనిగిరి ప్రాంతానిదే. అప్పట్లో అది నెల్లూరు జిల్లా. నల్లగొండ ఫ్లోరైడు పల్లెల్లో మోకాళ్లు లోపలికి వంగిపోయే కొత్త వైకల్యాన్ని 1973లో హైదరాబాద్ జాతీయ పోషకాహార సంస్థకు చెందిన కృష్ణమాచారి, కృష్ణస్వామి లాన్సెట్ పత్రికలో నమోదు చేశారు. ఫ్లోరైడు ఎప్పటినుంచో ఉండగా ఈ వంకర కాళ్లు కొత్తగా ఎందుకు వచ్చాయన్నది ప్రశ్న. దేవస్థలే, గోపాలన్ 1974లో చేసిన పరిశోధన ఒక దారి చూపింది. జొన్నలో మాలిబ్డినం ఎక్కువైతే అది తిన్నవారి మూత్రంలో రాగి ఎక్కువగా పోతుంది. నాగార్జునసాగర్ జలాశయం వల్ల భూగర్భజలం పైకి వచ్చి, నేల క్షారగుణం పెరిగి, జొన్న మాలిబ్డినాన్ని ఎక్కువగా పీల్చుకుని ఉండవచ్చని పాత్రికేయుడు అనిల్ అగర్వాల్ 1975లో రాశారు. ఈ గొలుసులో ప్రతి కొసా రుజువైందని చెప్పలేం. కానీ ‘పోషకం’ అనే మాటకు దీనికంటే పదునైన పాఠం ఈ దరిదాపుల్లో లేదు. మాలిబ్డినం మొక్కకు అత్యవసర పోషకం. రాగి మనిషికి అత్యవసర పోషకం. చేనుకు అందిన మొదటిదాని మిగులు, తిన్నవాడి ఒంట్లో రెండోదానికి లోపం తెచ్చి ఉండవచ్చు. బలం అనే మాటతో ఈ కథ చెప్పడమే కుదరదు.

ఒంటి విషయానికి వస్తే పల్లె వైద్యం చేను వ్యవసాయంలాగే నడుస్తోంది. నీరసంగా ఉంటే బలానికి ఒక సెలైన్ సీసా ఎక్కించుకోవడం మిరప కోతల కూలీల్లో మామూలు. అర లీటరు అయిదు శాతం డెక్స్‌ట్రోజ్ సీసాలో ఉండేది 25 గ్రాముల చక్కెర, ఒక అరటిపండు ఇచ్చే శక్తికి అటూఇటూ. ఉత్త సెలైన్‌లో ఆ మాత్రమూ ఉండదు. అదే సమయంలో, కచ్చితమైన లోపానికి కచ్చితమైన మోతాదుతో ప్రభుత్వం ఉచితంగా ఇచ్చే మాత్ర, అంటే గర్భిణికి రోజూ 60 మిల్లీగ్రాముల ఇనుము, 500 మైక్రోగ్రాముల ఫోలిక్ ఆమ్లం, వికారంగా ఉందనో మలబద్ధకమనో గూట్లో ఉండిపోతుంది. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే (2019-21) ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 15-49 ఏళ్ల స్త్రీలలో 58.8 శాతం మందికి, ఆరు నెలల నుంచి అయిదేళ్లలోపు పిల్లల్లో 63.2 శాతం మందికి రక్తహీనత ఉంది. ఆ మాత్రను పల్లెల్లో కొందరు బలం మాత్ర అంటారు, కొందరు రక్తం మాత్ర అంటారు. నన్నడిగితే రెండోదే మేలు. ఏది తగ్గిందో అది చెబుతుంది.

ఆ ఇనుము ఒంటికి అందేందుకు తోడ్పడేది విటమిన్ సి. దాన్ని పెద్దమొత్తంలో వేరుచేయడానికి శాస్త్రవేత్త సెంట్ జార్జీకి 1930లలో హంగరీలోని సెగెడ్‌లో అక్కరకొచ్చింది మిరపజాతి కాయే. ఆయనకు 1937లో నోబెల్ వచ్చింది. పచ్చిమిరపలో అది దండిగా ఉంటుంది, కల్లంలో ఎండేకొద్దీ చాలావరకు పోతుంది. మార్కెట్ యార్డుకు వెళ్లేది ఎండుకాయ.

ఇక తాజా అధ్యాయం రేషన్ బియ్యం. కిలోకు 28 నుంచి 42.5 మిల్లీగ్రాముల ఇనుము, 75 నుంచి 125 మైక్రోగ్రాముల ఫోలిక్ ఆమ్లం, 0.75 నుంచి 1.25 మైక్రోగ్రాముల బి12 ఉండేలా, నూరు పాళ్ల బియ్యానికి ఒక పాలు తయారీ గింజలు కలపాలన్నది ప్రమాణం. 2021 ఆగస్టు 15న ప్రధాని ప్రకటించిన ఈ పథకం దశలవారీగా దేశమంతా వచ్చింది. మన పత్రికలూ అధికారులూ దీనికి పెట్టిన పేరు ‘బలవర్థక బియ్యం’. రైతు నోటి మాటను సర్కారు సంస్కృత సమాసం చేసి తిరిగి అతనికే ఇచ్చిందన్నమాట. ఫలితం ఏమిటంటే కొన్నిచోట్ల జనం కడిగేటప్పుడు తేలిన గింజలను చూసి ప్లాస్టిక్ బియ్యమని ఏరి పారేశారు. ఏరిన ఆ గింజల్లోనే ఇనుముంది. బలం పెంచే బియ్యమని చెప్పారు కానీ, ఇనుము కలిపిన గింజలు కొన్ని ఇందులో ఉంటాయి, తేలుతాయి, పారేయకండని ముందుగా సూటిగా చెప్పినచోట్లు తక్కువ. తలసేమియా ఉన్నవారు వైద్యుని పర్యవేక్షణలో తినాలన్న హెచ్చరిక సంచి మీద ఉండాలని 2018 ఆహార నిబంధనల్లో పెట్టారంటేనే (2024లో దాన్ని తీసేశారు), ఇది అందరికీ ఒకే బలం కాదని నిబంధన రాసినవారు అప్పట్లో అనుకున్నారని అర్థం.

‘బలం’ అనే మాటను తరిమేయాలని నేననడం లేదు, తరిమినా పోదు. వ్యవసాయ పంచాంగాలు, అంగన్‌వాడీ పోస్టర్లు, రేషన్ సంచుల మీది వాక్యాలు రాసేవారికి మాత్రం ఒక మనవి. ‘సూక్ష్మ పోషకాలు’ అని మూకుమ్మడి పేరుతో ఆపేయకండి. జింకు అనండి, బోరాన్ అనండి, ఇనుము అనండి. ఎంత తగ్గితే లోపమో, ఎంత వేస్తే తీరుతుందో, ఎక్కడ ఆపాలో అదే వాక్యంలో చెప్పండి. రైతులకు ఒక మాట. 2015 నుంచి ఇస్తున్న భూసార పరీక్ష కార్డులో ఉండే 12 అంశాల్లో జింకు, ఇనుము, రాగి, మాంగనీసు, బోరాన్ అయిదూ ఉన్నాయి. కొట్లో బలం మందు పొట్లం చేతికిచ్చినప్పుడు, ఆ అయిదింటిలో మీ చేనుకు ఏది తక్కువో ముందు ఆ కార్డులో చూడండి.